వేలిముద్రకు ఓటీపీ అక్కర్లేదు

అపోహ: "మాకేముండాది దాచిపెట్టుకునేదానికి? అదంతా బెంగళూరు ఉద్యోగస్తుల బాధ."

చిత్తూరు జిల్లా రామకుప్పం పల్లెల్లో ఈ మాట తరచూ వినిపిస్తుంది. కానీ సర్కారు కంప్యూటర్లలో ఎక్కువగా నమోదయ్యేది పేదల బతుకే. బియ్యం, పింఛను, ఉపాధి కూలి, అన్నింటికీ ఆధారే. 2017 మేలో సెంటర్ ఫర్ ఇంటర్నెట్ అండ్ సొసైటీ తరఫున అంబర్ సిన్హా, శ్రీనివాస్ కొడాలి నాలుగు ప్రభుత్వ పోర్టళ్లను పరిశీలించారు. సుమారు 13 కోట్ల ఆధార్ నంబర్లు, 10 కోట్ల బ్యాంకు ఖాతా నంబర్లు బయటపడి ఉండొచ్చని అంచనా వేశారు. ఆ నాలుగింటిలో రెండు మన ఆంధ్రప్రదేశ్ రాష్ట్రానివే: చంద్రన్న బీమా, ఉపాధి హామీ చెల్లింపులవి. వాటిని ఏ దొంగా కన్నం వేసి తీయలేదు, ఎవరైనా చూసేలా పేజీల్లోనే ఉంచేశారు. ఎవరికెంత కూలి పడిందో ఊరికి తెలియాలి, అది న్యాయమే. ఖాతా నంబరుతో ఊరికేం పని?

అపోహ: ఓటీపీ చెప్పకపోతే డబ్బు పోదు.

ఆధార్‌తో డబ్బు తీసే ఏఈపీఎస్ పద్ధతిలో ఆధార్ నంబరు, బ్యాంకు పేరు, వేలిముద్ర ఉంటే సరిపోతుంది. ఫోను ఊసే లేదు. రిజిస్ట్రేషన్ దస్తావేజుల్లోని ముద్రలతో నకిలీ వేళ్లు తయారుచేసి సిమ్‌కార్డులు తీసిన కేసు 2018లో పెద్దపల్లి జిల్లాలో బయటపడింది. తర్వాత అదే కిటుకు బ్యాంకు ఖాతాల మీదికి పాకింది. మట్టి పనితో గీతలు అరిగిన వేలైతే మరీ కష్టం. "పడలేదవ్వా, ఇంకోసారి పెట్టు" అని బ్యాంకు ఏజెంటు అన్న ప్రతిసారీ డబ్బు డ్రా అయిందో లేదో అవ్వకు తెలియదు. రసీదు అడగాలి, పాస్‌బుక్కులో ఎక్కించుకోవాలి. డబ్బు పోతే వెంటనే సైబర్ నేరాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేసి, మూడు పనిదినాల్లోగా బ్యాంకుకు చెప్పాలి. ఆధార్ యాప్‌లో వేలిముద్రకు తాళం వేసుకోవచ్చు. అయితే తాళం తీసేదాకా రేషన్ దుకాణంలోనూ వేలు పనిచేయదు. స్మార్ట్‌ఫోను లేని అవ్వకు ఈ సలహా ఇచ్చి చేతులు దులుపుకోవడం అన్యాయం. ఆమె ఖాతాను కాపాడాల్సింది బ్యాంకు.

అపోహ: పథకం తీసుకున్నాక మన వివరాల మీద మనకు హక్కుండదు.

కర్ణాటక హైకోర్టు విశ్రాంత న్యాయమూర్తి కె.ఎస్. పుట్టస్వామి వేసిన కేసులో 2017 ఆగస్టు 24న తొమ్మిదిమంది సుప్రీంకోర్టు న్యాయమూర్తులు గోప్యత ప్రాథమిక హక్కని ఏకగ్రీవంగా తేల్చారు. పింఛను తీసుకునేవాళ్లకు ఆ హక్కు లేదని ఎక్కడా అనలేదు. ఆసుపత్రిలోనూ ఆ హక్కు ఉంటుంది. 2025లో కుప్పం ఏరియా ఆసుపత్రిలో డిజిటల్ నెర్వ్ సెంటర్ మొదలైంది. పల్లె రోగి వివరాలు కంప్యూటర్‌కెక్కి పెద్ద డాక్టరు దాకా చేరితే వైద్యానికి మేలే. నా జబ్బు సంగతి ఇంకెవరెవరు చూస్తారు, ఎన్నాళ్లు ఉంచుతారు అని అడిగే హక్కు మాత్రం ఆ రోగిది. జవాబు తెలుగులో, నోటిమాటగా, అక్కడికక్కడే చెప్పాలి.