సౌర ఫలకమునకు వెలుగు కావలెను, వేడి కాదు

వరి పొట్టమీద ఉన్నప్పుడు సోలారు పంపు నీరు తగ్గినచో రైతుకు దిగులే. "ఎండ ఇంతగా కాయుచుండగా నీరు తగ్గనేల?" అని కొందరు అడుగుచున్నారు. బావిలో నీరు దిగుట ఒక కారణము కావచ్చును. రెండవది ఫలకములోని సిలికాను స్వభావము.

సిలికాను రాగివలె విద్యుత్తును ధారాళముగా పోనీయదు, గాజువలె పూర్తిగా అడ్డదు. అందు ఒక ప్రక్క భాస్వరము, మరొక ప్రక్క బోరాను (రెండును మన ఎరువులలోనివే) లేశమాత్రము చేర్చినచో, వెలుతురు సోకగానే విద్యుత్తు ఒకే దిశకు నడచును. 1954లో అమెరికాలోని బెల్ ప్రయోగశాలవారు చూపిన సెల్లు ఎండలో నూటికి 6 వంతులనే విద్యుత్తుగా మార్చినది. నేటివి 20 వంతులు దాటినవి.

ఒక్కొక్క సెల్లు ఇచ్చునది సుమారు అర వోల్టే. కావున పదులకొలది సెల్లులను వరుసగా గొలుసు కట్టుదురు. కాలువకు ఒకచోట అడ్డు పడినచో దిగువకు నీరు తగ్గినట్లే, ఒక సెల్లుపై నీడ పడినను వరుసంతయు కుంటువడును. నీడలోని సెల్లు మిగిలినవాని విద్యుత్తును తాను మ్రింగి మాడిపోవచ్చును కూడ. వెనుక పెట్టెలోని డయోడులు ఆ భాగమును తప్పించునే గాని నష్టమును పూడ్చవు. గట్టుమీది తుమ్మకొమ్మను నరికివేయుడు, పక్షిరెట్టను తుడువుడు.

ఫలకముపై వ్రాసిన వాట్లు 25 డిగ్రీల సెంటిగ్రేడు వద్ద కొలిచినవి. ఆపైన డిగ్రీకి నూటికి 0.3 నుండి 0.4 వంతు తగ్గును. మే నెలలో ఫలకము 65 డిగ్రీలకు చేరినచో, ఎనిమిదవ వంతు మొదలు ఆరవ వంతు వరకు శక్తి పోయినట్లే. క్రింద గాలి ఆడనిండు, గడ్డి వేయకుడు. కడుగుట ప్రొద్దుననే జరుగవలెను. కాలిన గాజుపై చన్నీరు పోసినచో పగులవచ్చును.