కనబడని కూర్పరి

టెలివిజన్‌లో డాక్యుమెంటరీ చిత్రమును జూచునప్పుడు ఛాయాగ్రాహకుని నేర్పు కన్నులకు గోచరించును. వ్యాఖ్యాత కంఠము చెవికి సోకును. వీరి శ్రమకు రూపము నిచ్చు కూర్పరి మాత్రము కనబడడు, వినబడడు. ఎడిటరని లోకము పిలుచు నీతని వృత్తి యెట్టిదో సంగ్రహముగా వివరింతము.

కథాచిత్రమునకు ముందుగా వ్రాసిన కథ యుండును. డాక్యుమెంటరీకి తరచుగా నట్టిది యుండదు. గంటలకొలది నడుచు చిత్రమును దెచ్చి కూర్పరి యెదుట నుంచుదురు. అందుండి సారమును దీసి యొక గంటలో నిముడ్చుట యాతని పని. 16 మిల్లీమీటర్ల ఫిల్ము వాడుకలో నున్న కాలమున 400 అడుగుల చుట్ట సుమారు 11 నిమిషములు నడిచెడిది. శబ్దము వేరొక టేపుపై నుండెడిది. క్రొత్తగా చేరినవాడు సహాయకుడై బొమ్మను శబ్దముతో జతపరచుచు, ప్రతి ముక్కకు గుర్తు వ్రాసి భద్రపరచుచు, పెద్దలయొద్ద పని నేర్చెడివాడు. నేడు కత్తెర పోయి కంప్యూటరు వచ్చినను, ఉంచదగిన దేది, విడువదగిన దేది యను వివేచన మాత్రము మనుష్యునిదే.

కూర్పు మహిమ కొక నిదర్శనము చూపుదుము. 1942లో ఇంగ్లండున వెలువడిన ‘లిజన్ టు బ్రిటన్’ అను యుద్ధకాల చిత్రమున, కార్మికుల భోజనశాలలో ఫ్లానగన్, ఆలెన్ అను వినోదగాయకులు పాడుదురు. ఆ పాట ముగియునంతలో, దాని స్వరము తెగకుండగనే, లండన్ నేషనల్ గ్యాలరీలో మైరా హెస్ వాయించు మోజార్టు సంగీతము వినవచ్చును. కార్మికుడును, సంగీతరసికుడును ఒక్క ప్రజయే యని వ్యాఖ్య లేకయే మనకు దోచును. ఈ చిత్రమునకు దర్శకులుగను కూర్పరులుగను హంఫ్రీ జెన్నింగ్స్, స్టువర్ట్ మెకాలిస్టరు లిరువురి పేర్లును కలిపి వేసిరి. కూర్పరి కట్టి గౌరవము అరుదు.

అయితే యీ శక్తియే కీడునకును సాధనము కాగలదు. ఒక ప్రశ్నకు జెప్పిన జవాబును మరియొక ప్రశ్న చెంత నుంచవచ్చును. ఒకరి యుపన్యాసమున ఆవులించిన శ్రోతను వేరొకరి యుపన్యాసము నడుమ చూపవచ్చును. ప్రతి బొమ్మయు నిజమే, ప్రతి మాటయు నిజమే, మొత్తము మాత్రమబద్ధము. మాటలాడినవాడు కత్తిరించు గదిలో నుండడు, చూచువాడు నుండడు. ఆ యిరువురి పక్షమున నచ్చట నిలువవలసినవాడు కూర్పరి యొక్కడే.

ఈ బాధ్యతను గూర్చి గాఢముగా నాలోచించినవాడు డాయ్ వాన్ (1933–2012). బ్రిటిష్ టెలివిజన్ డాక్యుమెంటరీలకు పెక్కేండ్లు కూర్పరిగా పనిచేసి, 1962లో మరణించిన మెకాలిస్టరు వృత్తిజీవితమును శోధించి 1983లో నొక గ్రంథము ప్రకటించెను. దానికాయన యుంచిన పేరునకు ‘అదృశ్యపురుషుని చిత్తరువు’ అని యర్థము. కనబడక పనిచేసిన యొకనిని గూర్చి, కనబడక పనిచేయు మరియొకడు వ్రాసిన గ్రంథమది.

విద్యార్థులారా, ఇకమీద చిత్రము ముగియగనే లేచిపోక, చివర నడుచు పేర్లలో కూర్పరి పేరును వెదకుడు. మీరు నమ్మినది సత్యమగుట యాతని నిజాయితీని బట్టియే యుండును.