తోక ఎముక నొప్పి – బాలింత పథ్యం

వెన్నెముక చివర, పిరుదుల నడిమి చీలికలో చేతికి తగిలే చిన్న ఎముకను శరీరశాస్త్రం అనుత్రికం అంటుంది. వాడుకలో ఇది తోక ఎముక. మూడు నుంచి ఐదు పూసలు కలిసి ఏర్పడే ఈ ఎముకను కటి అడుగుభాగాన్ని మోసే కండరాలు, బంధనాలు అంటిపెట్టుకుని ఉంటాయి కాబట్టి, దీనికి దెబ్బ తగిలితే కూర్చోవడం, కూర్చున్నచోటి నుంచి లేవడం, మలవిసర్జన కూడా బాధాకరమవుతాయి. ఎడింబరోకు చెందిన ప్రసూతి వైద్యుడు జేమ్స్ యంగ్ సింప్సన్ 1859లో ఈ నొప్పికి ప్రత్యేకంగా పేరు పెట్టాడు. ఇది పురుషులకన్నా స్త్రీలలో చాలా ఎక్కువ.

పెనుగొండ చుట్టుపక్కల డెల్టా ఊళ్లలో వానాకాలపు చేలగట్ల మీదనో, పాచిపట్టిన కాలువ రేవు మెట్ల మీదనో జారి చతికిలబడినవారికి ఈ ఎముక కమిలిపోవచ్చు, పక్కకు తొలగవచ్చు, అరుదుగా విరగనూ వచ్చు. కాన్పులో జరిగేది వేరు. బిడ్డ తల కిందికి దిగేటప్పుడు అనుత్రికం వెనక్కి వంగి దారి ఇస్తుంది. బిడ్డ పెద్దదైనా, తలను పట్టి బయటికి తీసే ఫోర్సెప్స్ వాడవలసి వచ్చినా, అక్కడి కీలు, బంధనాలు అతిగా సాగి గాయపడే అవకాశం ఉంది.

పురిటికి పుట్టింటికి వచ్చిన పిల్ల కూర్చోలేకపోతున్నానంటే, పచ్చి ఒళ్లన్నాక నొప్పులుండవా అని పెద్దవాళ్లు ఆప్యాయంగానే సర్దిచెబుతారు. అక్కడితో ఆ మాట వైద్యుడి దాకా వెళ్లదు. పాతకాలపు పథ్యం మరో చిక్కు తెస్తుంది: నీళ్లు, కూరలు తగ్గించి పెట్టడం వల్ల మలబద్ధకం ఏర్పడి, ముక్కినప్పుడల్లా గాయపడిన చోటే ఒత్తిడి పడుతుంది. ఈ విషయంలో పథ్యాన్ని సడలించడమే మేలు. సిజేరియన్‌కు ఇచ్చే మత్తు సూదిని తప్పుపట్టడమూ సరికాదు, ఆ సూది పడేది చాలా పైన, నడుము దగ్గర.

వేలితో ఆ ఎముకను నొక్కగానే అదే నొప్పి పుడితే వైద్యుడికి చాలావరకు విషయం తెలిసిపోతుంది. అవసరమైతే నిలబెట్టి ఒకటి, కూర్చోబెట్టి ఒకటి ఎక్స్‌రేలు తీసి ఎముక కదలికను పోల్చి చూస్తారు. ఎక్కువమందికి వారాల్లోనో, కొద్ది నెలల్లోనో తగ్గుతుంది. అప్పటిదాకా పీట మీద గంటలకొద్దీ కూర్చోకుండా పక్కకు తిరిగి పడుకుని పాలివ్వడం, కూర్చోక తప్పనప్పుడు వెనకవైపు కోత ఉన్న మెత్త వేసుకుని కాస్త ముందుకు వంగడం, పాలిచ్చే తల్లికి సరిపడే నొప్పి మాత్రలు వైద్యుడి సలహాతో వాడడం ఉపయోగపడతాయి. తగ్గనివారికి కటి కండరాల ఫిజియోథెరపీ, ఆ తర్వాత నొప్పి ఉన్నచోట ఇంజెక్షన్ ఉన్నాయి; ఎముకను తొలగించే శస్త్రచికిత్స మరీ అరుదు. జ్వరం, చీముతో వాపు, కాళ్లలో తిమ్మిరి, మలమూత్రాలపై అదుపు తప్పడం వంటివి కనిపిస్తే మాత్రం మెత్తతో సరిపెట్టుకోకుండా వెంటనే ఆసుపత్రికి వెళ్లాలి.