నడివేసవి పండుగకు నిండుకోడి

ఆక్లండ్ మహానగరమునకు వాయవ్యదిశను, వైటెమటా రేవు పైభాగమున నీటిలోనికి చొచ్చుకొనిపోయిన నేలపై వెలసిన హాబ్సన్‌విల్‌లో క్రిస్మసు పండుగ నడివేసవిలో వచ్చును. తీరము వెంట పోహుతుకావా చెట్లు మన మోదుగులవలె ఎఱ్ఱగా విరగబూచియుండ, రాత్రి ఎనిమిదిన్నర దాటినను ప్రొద్దు క్రుంకని ఆ దినమున, కిటికీలన్నియు తెఱచియుంచిన వంటయిండ్లలో, కడుపునిండ మసాలా కూరిన కోడియో టర్కీ కోడియో ఓవెనులో కాలుచుండును. మంచు కురియు ఆంగ్లదేశపు చలిరాత్రులకై యేర్పడిన యీ భోజనము వలసవచ్చినవారి వెంట భూగోళపు రెండవ ప్రక్కకు చేరినది. ఋతువు తలక్రిందులైనను ఆచారము నిలిచినది. న్యూజిలాండు ప్రథమ గవర్నరు విలియం హాబ్సన్ పేర వెలసి, పిమ్మట నీటివిమానముల స్థావరమై, నేడు క్రొత్త యిండ్ల వరుసలతో నిండిన ఈ పేటలో పొరుగువారి పండుగపిలుపు నందుకొన్న తెలుగువారికి విస్తరిముందు మొదట కలుగు సందేహ మొక్కటే: మాంసముమీద తియ్యని పండ్లరసమేల?

ఆ సందేహమును తీర్చుటకు ముందు కూరుటను గూర్చి రెండు మాటలు. పక్షి కడుపులో మఱియొక వంటకమును నింపి కాల్చుట ఒక్క జాతి సొత్తు కాదు. ప్రాచీన రోమకుల పాకగ్రంథమైన అపీసియస్‌లో కూరిన కోడి కలదు; అక్బరు కాలపు ఐన్-ఇ-అక్బరీలో, కోడి ఎముకలన్నిటిని మెడదారిని తీసివేసి, ఆకారము చెడకుండ లోపల కైమా, ఉల్లి, అల్లము, మిరియములు నింపెడి ముసమ్మన్ అను వంటకము వర్ణింపబడినది. టర్కీ కోడి మాత్రము మెక్సికో దేశపు పక్షి. అది 1612లో గోవానుండి జహంగీరు కొలువునకు చేరినప్పుడు, చక్రవర్తి దాని వింతరూపమునకు అబ్బురపడి మన్సూరు అను చిత్రకారునిచే పటము వ్రాయించెను. ఇక మనయింటి గుత్తివంకాయ మాట చెప్పనేల! కాయ చీలకుండ కోయుట, కారము అదిమి కూరక వదులుగా నింపుట, పైతోలు మాడకమునుపే లోపలి ముద్ద ఉడుకునట్లు మంటను అదుపులో నుంచుట, ఇవి తెలిసిన చేతికి ఈ కోడి క్రొత్త విద్య కానేరదు.

పండ్లరసపు రహస్యమును మన పులుసే చెప్పగలదు. క్రొవ్వు నాలుకపై పొరవలె నిలిచి రుచిని మందగింపజేయును. పులుపు ఆ మాంద్యమును విడిపించి తరువాతి ముద్దకు నోటిని సిద్ధపఱచును. మనము గోంగూరతో మాంసము వండినను, చింతచిగురుతో కలిపినను, కనుమనాడు గారెలతో నాటుకోడి పులుసు వడ్డించినను చేయునది ఈ పనియే. ఎండిన ఆల్‌బుఖారా పండ్లను మాంసముతో కలుపుట మొగలాయి వంటలకును పరిపాటియే. మనము పులుపును కూరలోనే ఉడికింతుము. వారు వేఱుగా కాచి ప్రక్కన పోయుదురు. ఉన్న భేద మింతియే.

ఇక వంటయింటికి పోవుదము. న్యూజిలాండు అంగళ్లలో కోడి పొట్లములపై 14, 16, 20 వంటి అంకెలుండును. 16 అనిన సుమారు 1.6 కిలోలని యర్థము. ఆఱుగురికి 20వ అంకె కోడి చాలును. గడ్డకట్టినదైనచో ఫ్రిజ్ క్రిందియరలో ఒకరోజు పైబడి ఉంచి కరగనీయవలెనేకాని వేడినీళ్లలో వేయరాదు. ముందునాటి రాత్రియే ఉప్పు పట్టించి మూతలేకుండ ఫ్రిజ్‌లో నుంచినచో తోలు ఆరి, మఱునాడు కరకరలాడునట్లు కాలును. లోపలికి రెండు కప్పుల నిలవరొట్టె పొడి, వెన్నలో మగ్గిన ఉల్లి, నిమ్మతొక్క తురుము, తరిగిన ఎండు ఆప్రికాట్లు, సేజ్ ఆకు, కలిపి పట్టుటకు ఒక గ్రుడ్డు; ఇది వారి పద్ధతి. వెన్నకు బదులు నెయ్యియు, సేజ్‌కు బదులు కొత్తిమీరయు, దంచిన మిరియములు, జీలకఱ్ఱ, జీడిపప్పు చేర్చినను కోడి కాదనదు. నా మనస్సు ఈ రెండవదానివైపే మొగ్గును. ఓవెనులో పెట్టబోవు క్షణముననే, వదులుగా, మూడువంతుల మేరకే నింపవలెను. రొట్టె ఆవిరి పీల్చి ఉబ్బును. కాళ్లు దారముతో కట్టి, 180 డిగ్రీల వేడిలో సుమారు రెండు గంటలు కాల్చి, బయటికి తీసిన పిమ్మట పావుగంట కదపక విడిచినచో రసము మాంసములోనే నిలిచి, కోయునప్పుడు పళ్లెములోనికి కారిపోదు.

ఇచట నేను గట్టిగా చెప్పవలసిన మాట యొకటి కలదు. కోడి కాలిన వాసనకు, పసిడివన్నె తోలుకు మోసపోరాదు. పచ్చిమాంసపు రసము పీల్చిన లోముద్దయే అన్నిటికన్న ఆలస్యముగా వేడెక్కును. తొడమాంసమును, ఆ ముద్ద నడిమిభాగమును రెండును 75 డిగ్రీలకు చేరెనని ఉష్ణమాపకము గ్రుచ్చి చూచినగాని వడ్డింపరాదు. కాంపిలోబాక్టర్ అను సూక్ష్మజీవి తెచ్చు జబ్బు ఆ దేశమున 2006లో మిక్కిలి ప్రబలి, కోళ్ల పరిశ్రమపై కట్టుదిట్టములు వచ్చిన పిమ్మట సగమునకు తగ్గినది. పచ్చికోడిని కుళాయిక్రింద కడుగుట మన పెద్దల అలవాటేకాని, ఆ తుంపురులతో సూక్ష్మజీవులు సింకంతటను చిందును. కాగితముతో అద్దుటయే మేలు. పెద్ద టర్కీ కోడికైతే లోముద్దను వేఱుపళ్లెములో కాల్చుట ఇంకను క్షేమము.

పండు సంగతికి వత్తము. క్రాన్‌బెఱ్ఱీ రసపు సీసా అంగడిలో సులభముగా దొరకును. కాని ఆ పండు ఉత్తరార్ధగోళపు శరత్కాలపు పంట. హాబ్సన్‌విల్ పండుగనాటికి చుట్టుప్రక్కల ముదురెఱుపు ప్లమ్ పండ్లు పండుచుండును. క్యూమియూ, హువాపాయి సీమల తోటలు కూతవేటు దూరముననే యున్నవి. ఆ పండ్లుండగా సీసామూత తీయుట నాకు సమ్మతము కాదు. అరకిలో ప్లమ్ ముక్కలు, నాలుగు చెంచాల చక్కెర, రెండు లవంగములు, అల్లపు తురుము, కొంచెము వెనిగారు చేర్చి సన్నసెగను కాచినచో, తొక్కలోని పెక్టిన్ వలన పిండి కలుపకయే చిక్కబడును. కోడి పళ్లెమున మిగిలిన రసమును, క్రొవ్వు తేర్చి, అందులో కలుపవలెను. చక్కెర మాడును గనుక ఈ రసమును తోలుపై ముందుగా పూయరాదు. కీవీపండు వాడదలచినవారు పచ్చిరసములో కోడిని నానబెట్టరాదు. అందలి ఆక్టినిడిన్ అను పదార్థము మాంసమును పిప్పిచేయును.

2022 నుండి ప్రభుత్వ సెలవైన మాతారికి అను మావోరీల క్రొత్తయేటి పండుగ చలికాలమున వచ్చును గావున, ఆనాడు టమారిల్లో అను పండ్లతో ఇదే రసము కాచుకొనవచ్చును. ఎఱ్ఱని ఆ పులుపు మన టమాట పచ్చడికి దగ్గఱచుట్టము. తెలుగు గృహిణులకు నా మనవి: కోడిని కోసి పళ్లెమునం దమర్చిన పిమ్మట, పండ్లరసపు గిన్నె ప్రక్కనే వేడియన్నమునుగూడ ఉంచుడు.