మాటలను లెక్కించిన కత్తెర



ఒక సినిమా కుటుంబముతో కలిసి చూడదగినదా కాదా అని దేనినిబట్టి నిర్ణయించాలి? అందులో వినిపించే మాటలనుబట్టియా, లేక కథ నడిచిన తీరునుబట్టియా? అమెరికాలో ఒక ప్రేమ హాస్య చిత్రము ఈ తగవును సుప్రీం కోర్టు వరకు తీసుకువెళ్ళింది.

దాని పేరు 'ద మూన్ ఈజ్ బ్లూ'. 1953లో వచ్చింది. దర్శకుడు ఆటో ప్రెమింజర్. న్యూయార్కులోని ఎంపైర్ స్టేట్ భవనముపై ఒక యువతికి ఒక యువకుడు పరిచయమవుతాడు. భోజనానికి అతని ఇంటికి వెళ్ళడానికి ఆమె ఒప్పుకుంటుంది. అయితే హద్దు మీరకూడదని ముందే మాట తీసుకుంటుంది. పై అంతస్తులోని నడివయస్కుడు కూడా ఆమెను వలలో వేసుకోజూస్తాడు. ఆమె ఎవరికీ లొంగదు. మరునాడు అదే భవనముపై యువకుడు పెండ్లి మాట ఎత్తుతాడు.

మరి గొడవ ఎందుకు? ఆ చిత్రములో 'కన్య', 'గర్భవతి' వంటి మాటలు దాపరికము లేకుండా వినిపించాయి. హాలీవుడ్ 1930లో తనకు తానే ఒక నియమావళి పెట్టుకొని, 1934 నుండి గట్టిగా అమలు చేసింది. అక్రమ సంబంధాలను నవ్వులాటగా చూపారని ఈ చిత్రానికి ఆమోద ముద్ర నిరాకరించారు. కతోలికుల 'లీజియన్ ఆఫ్ డీసెన్సీ' సంస్థ దీనిని ఖండించింది. ప్రెమింజర్ కోతలకు ఒప్పుకోలేదు. ముద్ర లేకుండానే చిత్రము విడుదలైంది. కాన్సస్ రాష్ట్ర సెన్సారు బోర్డు నిషేధించగా, 1955లో సుప్రీం కోర్టు ఆ నిషేధాన్ని త్రోసిపుచ్చింది. 1961లో అదే చిత్రానికి ఆ ముద్రే దొరికింది! 1968లో నియమావళి పోయి, వయస్సునుబట్టి తరగతులు వచ్చాయి.

అభ్యంతరము చెప్పినవారిని ఎగతాళి చేయనక్కరలేదు. తప్పును తమాషాగా చూపితే పిల్లల మనస్సాక్షి మొద్దుబారుతుందనే వారి భయము న్యాయమైనదే. కాని వారి కొలత సరిపోలేదు. మాటలను లెక్కించారు, తన మర్యాదను తానే కాపాడుకొన్న ఆ అమ్మాయిని లెక్కలోనికి తీసుకోలేదు. ఒక్క చెడ్డమాట లేకుండానే స్త్రీని ఆటబొమ్మగా చూపవచ్చు. అటువంటి చిత్రము ఏ కత్తెరకూ చిక్కదు.

కాబట్టి తల్లిదండ్రులారా, సర్టిఫికెట్టు చూచి నిశ్చింతగా ఉండవద్దు. ఒక్క మాట విని టీవీ కట్టివేయనూ వద్దు. పిల్లల ప్రక్కన కూర్చొని చూడండి. "ఈ కథలో ఆ అమ్మాయికి గౌరవము దక్కిందా? అబద్ధమాడినవాడు చివరకు ఏమయ్యాడు?" అని అడగండి. వాళ్ళ జవాబు ఓపికగా వినండి. ఏ సెన్సారు బోర్డూ మన ఇంటి చాపమీద కూర్చొని ఈ ప్రశ్నలు అడగదు.