దేశం దాటితే ఫోను లెక్క మారుతుంది

మన ఊళ్ళో ఫోను చేస్తే డబ్బులు పోతాయి. ఫోను ఎత్తితే పోవు. ఇది అందరికీ తెలిసిన లెక్కే. దేశం దాటితే ఈ లెక్క చెల్లదు. అక్కడ ఫోను ఎత్తినా డబ్బులు పోతాయి. ఒక్కోసారి ఫోను సంచిలో ఊరికే పడి ఉన్నా పోతాయి. దీన్నే రోమింగ్ ఖర్చు అంటారు.

కడప, రాయచోటి, రాజంపేట వైపు నుంచి చాలామంది ఆడవాళ్ళు కువైట్ పోతారు. గోదావరి జిల్లాల నుంచీ పోతారు. అరబ్బుల ఇళ్ళల్లో వంట చేస్తారు. పిల్లల్ని, ముసలివాళ్ళని చూసుకుంటారు. కరీంనగర్, నిజామాబాద్ వైపు నుంచి మగవాళ్ళు దుబాయ్, సౌదీ, మస్కట్ పోతారు. చేతిలో డబ్బు ఉండి పోయేవాళ్ళు తక్కువ. అప్పు చేసి పోయేవాళ్ళే ఎక్కువ. ఇంటి పనివాళ్ళకు నెలకు 60 దీనార్లకు తగ్గకుండా జీతం ఇవ్వాలని కువైట్ ప్రభుత్వం 2016లో నిర్ణయించింది. దీనారు అంటే మన డబ్బులో 250 రూపాయల పైమాటే. ఆ జీతం ఇంకా చేతికి రానే రాదు, ఫోను ఖర్చు మీద పడుతుంది. అలా పడకుండా చూసుకోవచ్చు.

వెనకటి రోజుల్లో ఉత్తరమే దిక్కు. ఇంట్లో ఆడమనిషికి చదువు రాకపోతే పక్కింటి పిల్లవాడు చదివి పెట్టేవాడు. మొగుడు పెళ్ళానికి రాసిన మాట మూడో మనిషి నోట వినాల్సి వచ్చేది. కొందరు తమ మాటలు క్యాసెట్టులో నింపి, ఊరికి వచ్చేవాళ్ళ చేతికిచ్చి పంపేవారు. తరువాత ఎస్.టి.డి. బూతులు వచ్చాయి. అక్కడ మాట్లాడుతూనే కళ్ళు మీటరు మీద పెట్టాలి. ఇప్పుడు ఎవరి ఫోను వాళ్ళ చేతిలోనే ఉంది. మీటరు మాత్రం కళ్ళకు కనిపించదు. చిక్కంతా అక్కడే.

రోమింగ్ అంటే ఏమిటి?

ఫోనులో ఉండే సిమ్ కార్డు మన దేశపు కంపెనీది. ఆ కంపెనీకి కువైట్‌లో టవర్లు లేవు. అక్కడ జైన్, ఊరెడూ, ఎస్.టి.సి. అనే కంపెనీల టవర్లు ఉన్నాయి. మన సిమ్ అక్కడికి చేరగానే వాటిలో ఒక టవరును పట్టుకుంటుంది. అంటే పరాయి బావిలో నీళ్ళు తోడుకున్నట్టు. బావిగలవాళ్ళు ఊరికే తోడనివ్వరు కదా! వాళ్ళు మన కంపెనీని బాడుగ అడుగుతారు. మన కంపెనీ ఆ బాడుగకు తన లాభం కలిపి మన దగ్గర రాబడుతుంది.

మరి ఫోను ఎత్తినందుకు డబ్బులు ఎందుకు? ఊళ్ళో తల్లి కూతురి పాత నంబరుకే ఫోను చేసింది అనుకుందాం. ఆమె ఇచ్చేది ఊరి రేటే. కూతురు రాయచోటిలో ఉందా, కువైట్‌లో ఉందా అన్నది ఆ నంబరును బట్టి తెలియదు. కానీ ఆ మాట సముద్రం దాటి పోవాలి. దాటించిన ఖర్చు ఎవరో ఒకరు పెట్టుకోవాలి. అది ఎత్తిన మనిషి మీద పడుతుంది. ఎత్తకపోతే పడదు. మోగి ఆగిపోయిన ఫోనుకు ఖర్చు లేదు.

ఇందులో వింతేమీ లేదు. మన దేశంలో సెల్‌ఫోను 1995లో మొదలైంది. అప్పట్లో ఎత్తినా డబ్బులు కట్టాల్సిందే. 2003 నుంచి అది పోయింది. ఆ తరువాత కూడా ఒక రాష్ట్రం సిమ్ ఇంకో రాష్ట్రంలో వాడితే చాన్నాళ్ళు అదనంగా కట్టాము. 2017 వచ్చేసరికి కంపెనీలు ఒకదాని తరువాత ఒకటి దాన్నీ ఎత్తేశాయి. అయితే అదంతా దేశం లోపలి సంగతి.

ఫోను నిద్రపోదు

మాటల ఖర్చు కొంతవరకు తెలుస్తుంది. నెట్ ఖర్చు అసలు తెలియదు. మనం నిద్రపోయినా ఫోను నిద్రపోదు. వాట్సాప్‌లో వచ్చిన ఫోటోలు, వీడియోలు దానంతట అదే దించుకుంటూ ఉండవచ్చు. నెట్‌ను ఎం.బి.లలో కొలుస్తారు. బియ్యానికి కిలో ఎలాగో దీనికి ఎం.బి. అలాగ.

రోమింగ్‌లో ఒక ఎం.బి.కి 50 రూపాయలు అనుకుందాం. ఇది లెక్క కోసం అనుకున్న రేటే. అసలు రేటు కంపెనీని బట్టి, దేశాన్ని బట్టి మారుతుంది. ఊళ్ళో చెల్లెలి పెళ్ళి అయింది. ఎవరో పెళ్ళి వీడియో పంపారు. అది 20 ఎం.బి. ఉంది. 20ని 50తో గుణిస్తే 1000 రూపాయలు. పెళ్ళి చదివింపు కన్నా వీడియో ఖర్చే ఎక్కువ అయింది!

ముందే డబ్బు వేసుకునే ప్రీపెయిడ్ సిమ్ అయితే ఉన్న బ్యాలెన్స్ అయిపోగానే ఆగిపోతుంది. అప్పుడు మాటా పోదు, మెసేజీ పోదు. కొత్త దేశంలో దిగిన రోజే ఇలా జరిగితే ఎవరికి చెప్పుకోవాలి? తరువాత బిల్లు వచ్చే పోస్ట్‌పెయిడ్ సిమ్ అయితే ఇంకా ప్రమాదం. అది వెంటనే ఆగకపోవచ్చు. బిల్లు వచ్చేదాకా సంగతి తెలియదు. కూతురి పురిటికి అమెరికా పోయే అమ్మలకు పిల్లలు తమ పోస్ట్‌పెయిడ్ సిమ్ ఇచ్చి పంపుతుంటారు. వాళ్ళూ ఇది తెలుసుకోవాలి.

బయలుదేరే ముందు

ఫోనులో సెట్టింగ్స్ అనే చోటు ఉంటుంది. పళ్ళ చక్రం బొమ్మ ఉన్నదే అది. అందులో సిమ్, మొబైల్ నెట్‌వర్క్ అని ఉన్నచోట వేలు పెడితే ‘డేటా రోమింగ్’ అనే మాట కనిపిస్తుంది. దాని పక్కన చిన్న మీట ఉంటుంది. దాన్ని ఆఫ్ చేయాలి. దీంతో మన సిమ్ మీద నెట్ ఖర్చు పడదు. ఇది ఇంట్లో ఉండగానే చేయాలి. ఎవరితోనో చేయించుకున్నా సరే, ఆ మాట ఎక్కడుందో ఒకసారి కళ్ళతో చూసి చదువుకోవాలి. ఫోను భాషను తెలుగుకు మార్చుకుంటే ఆ మాటలన్నీ తెలుగు అక్షరాల్లోనే కనిపిస్తాయి.

విమానం ఎక్కాక విమానం బొమ్మ ఉన్న మీట వేయాలి. అది వేస్తే ఫోను ఏ టవరునూ పట్టదు. సిబ్బంది చెప్పారని మాత్రమే కాదు, మన డబ్బు కోసం కూడా వేయాలి. కొన్ని విమానాల్లో విమానానికే సొంత నెట్‌వర్క్ ఉంటుంది. దాని రేటు నేల మీద రేటు కన్నా ఎక్కువ. విమానం మధ్యలో ఇంకో దేశంలో ఆగి మారాల్సి ఉంటే అక్కడా ఆ మీట అలాగే ఉండనివ్వాలి. లేకపోతే ఆ దేశపు టవరు పట్టుకుంటుంది.

కువైట్‌లో దిగి మీట తీయగానే మన కంపెనీ నుంచి ఒక మెసేజ్ వస్తుంది. చాలామంది దాన్ని చూడకుండా తీసేస్తారు. ఫోను చేస్తే నిమిషానికి ఎంత, ఎత్తితే ఎంత అనేది అందులోనే ఉంటుంది. భాష ఇంగ్లీషు అయినా అంకెలు చదవగలం. చాలా ఫోన్లలో సిగ్నల్ గీతల పక్కన ‘ఆర్’ అనే ఇంగ్లీషు అక్షరం కూడా కనిపిస్తుంది. అది కనిపించిందంటే పరాయి బావి మీద ఉన్నామని గుర్తు.

అక్కడి సిమ్, ఇక్కడి సిమ్

రోమింగ్ ప్యాక్ అని కంపెనీలు అమ్ముతాయి. ఇన్ని రోజులకు ఇంత అని ముందే కట్టాలి. పది రోజుల ప్రయాణానికి అది పనికొస్తుంది. రెండేళ్ళ పనికి పోయే మనిషికి మాత్రం దండగ. అక్కడి సిమ్ కొనుక్కోవడమే మేలు. దానికి పాస్‌పోర్టు గానీ, అకామా వచ్చాక అక్కడి గుర్తింపు కార్డు గానీ చూపించాలి. పాస్‌పోర్టు యజమాని దగ్గర ఉండిపోతే సిమ్ కొనడమూ కష్టమే. పనిమనిషి ఒప్పుకోకుండా యజమాని ఆమె పాస్‌పోర్టు దగ్గర పెట్టుకోకూడదని కువైట్‌లో 2015లో చట్టం చేశారు. ఈ సంగతి తెలిసి పోవాలి. సిమ్ సొంత పేరు మీదే ఉండాలి. మన పేరు మీది సిమ్ ఇంకొకరికి ఇవ్వకూడదు. వాళ్ళు తప్పు చేస్తే పోలీసులు మన దగ్గరికే వస్తారు.

ఊరి సిమ్‌ను పారేయకూడదు. బ్యాంకు నుంచి వచ్చే ఓ.టి.పి. ఆ నంబరుకే వస్తుంది. రెండు సిమ్‌లు పట్టే ఫోను ఉంటే అన్నిటికన్నా మంచిది. ఒక గూట్లో కువైట్ సిమ్. దాని మీద నెట్ వాడుకోవాలి. ఇంకో గూట్లో ఊరి సిమ్. దానికి డేటా రోమింగ్ ఆఫ్. వచ్చే మెసేజ్‌కు మామూలుగా డబ్బు పట్టరు. అయితే రీచార్జ్ అయిపోకూడదు. విదేశీ రోమింగ్ సేవ కూడా తెరిచి ఉండాలి. బయలుదేరే ముందే షాపులో అడిగి ఇది చేయించుకోవాలి. 90 రోజులు ఏ వాడకమూ లేకపోతే కంపెనీ నంబరు ఆపేయవచ్చు. తరువాత ఆ నంబరు ఇంకొకరికి పోతుంది. బ్యాంకు మెసేజ్ కూడా వాళ్ళకే పోతుంది.

కొందరు ఊరి సిమ్ ఇంట్లో ఇచ్చి పోతారు. ఇక్కడ ఒక మాట గుర్తు పెట్టుకోవాలి. ఓ.టి.పి. ఎవరి చేతిలో ఉంటే డబ్బు వాళ్ళ చేతిలో ఉన్నట్టే. సిమ్, బ్యాంకు కార్డు రెండూ ఒక్కరి దగ్గరే ఉంటే ఆమె పంపిన జీతం ఎటు పోయిందో ఆమెకే తెలియదు. బిడ్డ అయినా, మొగుడు అయినా లెక్క లెక్కే. విదేశాల్లో ఉండేవాళ్ళకు బ్యాంకుల్లో ఎన్.ఆర్.ఇ. ఖాతా అని ఉంటుంది. దానికి కువైట్ నంబరు ఇవ్వవచ్చేమో బ్యాంకులో అడగాలి.

ఇంటివాళ్ళు ఏం చేయాలి?

ఆమె కువైట్ నంబరుకు ఊరి నుంచి మామూలు ఫోను చేస్తే ఐ.ఎస్.డి. రేటు పడుతుంది. అది చేసినవాళ్ళ మీద పడుతుంది. అందుకే వాట్సాప్ కాల్ మేలు. పని చేసే ఇంట్లో వైఫై ఉంటే, పాస్‌వర్డ్ ఇస్తే, దానికి విడిగా ఖర్చు ఉండదు. దుబాయ్ వైపు మాత్రం సంగతి వేరు. అక్కడ వాట్సాప్‌లో రాసింది పోతుంది గానీ కాల్‌కు అడ్డు ఉంది. అక్కడివాళ్ళు బోటిమ్ లాంటివి వాడతారు.

తెలియని దేశం నంబరు నుంచి ఒక్కసారి మోగి ఆగిపోయే ఫోన్లు వస్తుంటాయి. ‘మన పిల్లేమో’ అని తిరిగి చేస్తే బ్యాలెన్స్ ఊడుతుంది. నంబరు మొదటి అంకెలు చూడాలి. కువైట్ అయితే 965, సౌదీ 966, దుబాయ్ 971. కువైట్ నంబరులో 965 తరువాత ఎనిమిది అంకెలు ఉంటాయి. అక్కడి నుంచి ఊరికి చేసేటప్పుడు ముందు ప్లస్ గుర్తు, 91, ఆ తరువాత పది అంకెలు.

నంబర్లన్నీ ఫోనులోనే ఉంచుకుంటే ఫోను పోయిన రోజున, లేదా ఎవరైనా లాక్కున్న రోజున, ఏమీ మిగలదు. ఇంటి నంబరు, ఏజెంటు నంబరు, కువైట్‌లోని భారత రాయబార కార్యాలయం నంబరు ఒక కాగితం మీద సొంత చేత్తో రాసుకుని పాస్‌పోర్టుతో పాటు కాకుండా వేరే చోట దాచుకోవాలి. అదే కాగితం ఇంకొకటి రాసి ఇంట్లో ఇచ్చి పోవాలి.

కువైట్ గడియారం మన గడియారం కన్నా రెండున్నర గంటలు వెనక. ఊళ్ళో రాత్రి తొమ్మిదిన్నరకు అక్కడ ఏడు గంటలే అవుతుంది. ఆ వేళకు ఆమెకు వంట పని ఇంకా తెమలదు. ఎప్పుడు చేయాలో ఆమెనే అడిగి పెట్టుకోవాలి.