సభ్యుని అనర్హత - నిర్ణయించువారెవరు?

మదనపల్లె, పుంగనూరు, కుప్పము ప్రాంతములు రాష్ట్రపు సరిహద్దున నున్నవి. అచ్చటి గ్రామస్థులకు పొరుగు రాష్ట్రములలో బంధుత్వములు మెండు. అందుచే అచ్చటి పంచాయతీ నియమములే మనకును వర్తించునని కొందరు తలతురు. అది సరికాదు. సభ్యుని అనర్హతను ఎవరు, ఏ విధముగ తేల్చవలెనో నిర్ణయించు అధికారమును రాజ్యాంగములోని 243-ఎఫ్ అధికరణము ఆయా రాష్ట్ర శాసనసభలకు ఒసగినది.

మనకు ఆధారము 1994 నాటి ఆంధ్రప్రదేశ్ పంచాయతీరాజ్ చట్టము. ఇద్దరికంటె ఎక్కువ సంతానము గలవారు అనర్హులను నిబంధన ఇందుండెడిది. 2024లో రాష్ట్రము దానిని తొలగించినది.

ఎవరో ఆరోపించినంతమాత్రమున వార్డు సభ్యుని పదవి పోదు. 22వ సెక్షను చూపిన క్రమమిది. వోటరుగాని, అధికారిగాని ఆరోపణను వ్రాతమూలకముగ పంచాయతీ కార్యనిర్వాహకాధికారికి అందజేయవలెను. ఆయన దానిని జిల్లా పంచాయతీ అధికారి ద్వారా సభ్యునికి తెలియజేయును. సభ్యుడు ఆరోపణను కాదన్నచో, తెలియజేసిన నాటినుండి రెండు నెలలలోగా నిర్ణయమునకై న్యాయస్థానమునకు దరఖాస్తు చేయవలెను. ఆ సభ్యుడే చేయవచ్చును. మరియొక సభ్యుడును చేయవచ్చును. పంచాయతీ ఆదేశించినచో కార్యనిర్వాహకాధికారి చేసితీరవలెను.

తీర్పు వెలువడువరకు ఆ సభ్యుడు అర్హుడుగనే పరిగణింపబడును. కావున ఆయనకు సమావేశపు నోటీసు పంపకుండుటగాని, వోటు వేయనీయకుండుటగాని తగదు. అట్లు చేసినచో నష్టపడునది ఆయన ఒక్కడే కాదు, ఆయనను ఎన్నుకొనిన వార్డు ప్రజలందరును. నోటీసు అందుకొనిన సభ్యుడును దానిని పెట్టెలో దాచి ఊరకుండరాదు. అందిన తేదీని వెంటనే వ్రాసి యుంచుకొనవలెను; గడువు గడచిన పిమ్మట విచారించి ప్రయోజనము లేదు.